ఈశాన్య మూల

ముసలాయన మళ్లీ వచ్చాడు.

పునాది గుంట అంచున వంగి, మట్టిలోంచి ఏదో ఏరి జేబులో వేసుకున్నాడు.

కారు దిగుతూనే సుమంత్ భార్య వైపు తిరిగాడు.

"చూసినవా అనూహ్యా? ఇయ్యాల కూడా వచ్చిండు."

"వస్తే రానీ. వాకింగ్‌కు వచ్చినాయన ఆగి చూస్తే తప్పేంది?"

"జేబుల ఏమేసుకున్నడో చూసినవా మరి?"

అనూహ్య చూసింది. ఆమెకూ లోపల పీకుతూనే ఉంది.

జర్మనీలో, తన ఆఫీసున్న వాల్డార్ఫ్‌కు ఇరవై నిమిషాల దూరంలో, ఓ పల్లె చివర ముచ్చటపడి స్థలం కొన్నాడు సుమంత్. కొనేదాకా నోరు మెదపని కొలీగ్ భాస్కర్ రావు, కొన్నాక ఆఫీసు క్యాంటీన్‌లో తీరిగ్గా చెప్పాడు.

"అక్కడ కొన్నావేంటయ్యా? అదంతా రోమన్లు ఏలిన నేల. పాత పెంకు ముక్క బయటపడిందని ఎవడైనా పురావస్తు శాఖకి చెప్పాడనుకో, అంతే సంగతులు. మా ఫ్రెండుది ఏడాదిన్నర ఆగిపోయింది."

ఏడాదిన్నర! మార్చికల్లా ఖాళీ చెయ్యమని అద్దింటి ఓనరు అప్పటికే ఉత్తరం పంపాడు. ఇల్లు ఆగిందంటే మూడేళ్ల కూతురు ఈషాను వేసుకుని ఎక్కడికి పోవాలి?

ఆ రోజు నుంచి సుమంత్‌కు ఆ ముసలాయన కలలో కూడా కనిపించసాగాడు.

శంకుస్థాపన రోజు కూడా తయారయ్యాడు.

ప్రొక్లెయినరు పడమటి వైపు నుంచి తవ్వుకొస్తోంది. ఈశాన్యానికి చేరకముందే ముహూర్తం వచ్చేసింది. కరీంనగర్ నుంచి పంతులుగారు వీడియో కాల్‌లో మంత్రాలు చదివారు. రాగి చెంబులో నవధాన్యాలు, పంచలోహాలు, నానమ్మ కాసులపేరులోని ఒక కాసు వేసి, పసుపు దారం చుట్టి, ఈశాన్య మూలన పాతారు.

ముసలాయన దగ్గరికొచ్చాడు.

"ఆ మూలనే ఎందుకు?"

"మా ఆచారం."

"లోపల గింజలా?"

"అవును."

"నాణెం కూడానా?"

సుమంత్ ఉలిక్కిపడ్డాడు. చాటుగా వేసిన కాసు ఈయనకెలా తెలుసు?

ముసలాయన నవ్వాడు. "రోమన్లు కూడా పెట్టేవాళ్లు. వాళ్లను చూసి ఇక్కడి వాళ్లూ నేర్చుకున్నారు. పెంకుటిల్లు, ద్రాక్షతోట, ఇలాంటివన్నీ."

జేబులోంచి చిన్న పుస్తకం తీసి ఏదో రాసుకున్నాడు.

"కూపీ లాగుతున్నడు. మన కొంప ముంచుతడు," అన్నాడు సుమంత్ భార్యతో.

ఆ గురువారం సాయంత్రం సుమంత్ వచ్చేసరికి పనివాళ్లు వెళ్లిపోయారు. మట్టికుప్ప వెనక నుంచి ముసలాయన వస్తున్నాడు. భుజాన బరువైన సంచి.

సుమంత్‌కు ఒళ్లు మండిపోయింది.

"ఎవరిని అడిగి లోపలికి వచ్చావ్?"

"మీ మూలలో..."

"నా మూలతో నీకేం పని? ఇంకోసారి ఇక్కడ కాలు పెడితే పోలీసులను పిలుస్తా!"

సంచిలోకి వెళ్లబోయిన ముసలాయన చెయ్యి ఆగిపోయింది. సంచిని గుండెలకు హత్తుకుని, టోపీ సరిచేసుకుని వెళ్లిపోయాడు.

సుమంత్ అప్పుడు చూశాడు. ఈశాన్య మూల మనిషి లోతున తవ్వేసి ఉంది.

చెంబు లేదు.

"దొంగ ముసలోడు!" అంటూ రోడ్డు మీదికి ఉరికాడు. అప్పటికే రోడ్డు ఖాళీ.

ఆ రాత్రి అనూహ్య ఏడ్చింది. "నానమ్మ కాసు పోయింది సుమంత్. ఇల్లు మొదలుకాకముందే ఇట్లయింది."

మూడు వారాలు ముసలాయన జాడ లేదు. పురావస్తు శాఖ జాడా లేదు. పీడ వదిలిందనుకున్నాడు సుమంత్.

కాంక్రీటు పోసే రోజు పొద్దున్నే ఒక కారు వచ్చి ఆగింది. దిగినామె కార్డు చూపించింది. పురావస్తు శాఖ.

సుమంత్ ఆమెకు ఎదురెళ్లాడు. "పని ఆపాలా?"

"ఎందుకు? మీకివి ఇచ్చి వెళ్దామని వచ్చాను."

అట్టపెట్టె తెరిచింది. రాగి చెంబు. చుట్టిన పసుపు దారం చుట్టినట్టే ఉంది.

"మెషిన్ దీన్ని మట్టితో పాటు ఎత్తి లారీలో పోయబోతుంటే, రోజూ ఇక్కడికొచ్చే పెద్దాయన అడ్డంపడి తీశారట. మీకు ఇవ్వాలని తెస్తే..." ఆమె చెంబు అందించింది. "కాంక్రీటు పోసేముందు అదే మూలన పెట్టుకోమన్నారు."

సుమంత్ పసుపు దారాన్ని వేలితో తడిమాడు.

"దీని కిందే ఇంకో మట్టికుండ దొరికింది. పద్దెనిమిది వందల ఏళ్ల నాటిది. రోమన్లది కాదు, వాళ్లను చూసి ఇల్లు కట్టుకున్న ఈ ఊరి రైతుది. లోపల గింజలు, ఒక నాణెం. ఆ సాయంత్రం ఆయన సంచిలో రెండూ ఉన్నాయి."

"అంత పాతది దొరికితే పని ఆపించాలి కదా?"

"మామూలుగా అయితే ఆపాలి. ఆయన రోజూ సాయంత్రాలు వచ్చి ఇక్కడున్నదంతా కొలిచి, రాసి, ముగించేశారు. ఇక ఆపడానికేం మిగల్లేదు."

సుమంత్ సిగ్గుతో కుంచించుకుపోయాడు. "ఆయన్ను ఒక్కసారి కలవాలి."

"రిటైరై, ఇల్లు ఖాళీ చేసి మొన్ననే హాంబర్గ్ వెళ్లిపోయారు, చెల్లెలి దగ్గరికి. ఫోన్ వాడరు. ఈ ఉత్తరం కూడా మీకు ఇమ్మన్నారు."

ఆమె కారు కదిలింది. సుమంత్ కవరు చించాడు.

'ఈ స్థలంలో ఇంటి పని ఆపనవసరం లేదు.'

పైన తేదీ, తాను పోలీసుల పేరెత్తి తరిమిన మర్నాటిది. కింద సంతకం, ఈ జిల్లాలో ఏ ఇంటి పనినైనా ఆపించగల ఒకే ఒక్క అధికారిది, ఇన్నాళ్లూ తాను పేరైనా అడగని ఆ ముసలాయనది.