గొంతు నులిమే సీను

ఎవాజియో నిజంగానే చచ్చిపోతుంటే, అందరూ నటన అనుకుని భేష్ అంటారేమోనన్నదే అతని భార్య ఒర్సోలా భయం. ఇటలీలోని టొరినోలో తీసే మూకీ సినిమాల్లో అతనిది దొంగ వేషం. వీరుడి చేత తన్నులు తినడమే పని.

ఆ మధ్యాహ్నం ఆమె చంకలో పాపతో షూటింగు దగ్గరికి అన్నం తెచ్చేసరికి, వీరుడు అతని గొంతు నులుముతున్నాడు.

"ఒర్సోలా! ఊపిరాడట్లేదే!"

"భేష్! ఇంకా గట్టిగా అరువు!" అన్నాడు దర్శకుడు. తెరమీద మాట వినిపించదు గనక అక్కడెవరూ నటుల మాటలు పట్టించుకోరు.

ఒర్సోలా పాపను నేలమీద దించి, కెమెరా ముందుకు దూకి వీరుడి చెయ్యి కొరికింది. నెత్తురు చిమ్మింది.

ఎవాజియో దగ్గుతూ లేచి ఆమె చెంప పగలగొట్టాడు. "గట్టిగా నులమమన్నది నేనేనే, పిచ్చిదానా! నీ పేరు పెట్టి అరిస్తేనే నా మొహంలో చావుభయం పలుకుతుంది."

వీరుడు నెత్తురు తుడుచుకుంటూ, "రారా, ఈసారి ఇంకా బాగా పలికిస్తా" అన్నాడు. అతను నవ్వడం లేదు.

ఆమెను, పాపను గేటు బయటికి నెట్టారు. లోపల "ఒర్సోలా!" అన్న కేక లేచి, సగంలో తెగిపోయింది.

ఆమెను ఇక లోపలికి రానివ్వరు. మీరు అటు వెళితే, అతను లేచాడో లేదో కాస్త చూసి చెప్పండి.