మడమ మీద తేదీ

"ఇంకా ఎంతసేపు పెద్దమ్మా?" వసారాలో కూర్చున్న తేదీ గుమస్తా అడిగాడు.

"అయిపోవచ్చింది బాబూ. పొద్దుగుంకే లోపల అయిపోతుంది, అయిపోవాలి," అంది అత్తగారు, కోడలు నొప్పులు పడుతున్న గది తలుపు దగ్గరగా వేసి వస్తూ.

పొద్దు అప్పటికే ఎదురింటి పెంకుల మీదికి జారింది. వీధిలో అందరి కళ్ళూ ఆ ఇంటి మీదే ఉన్నాయి. ఉండవూ మరి! అది ఆకురాలు నెలలో ఆఖరి సాయంత్రం. గంటస్తంభం మోగిందంటే ఏడాది ముగిసినట్టే.

ఆ దేశంలో ఏడాదికి పది నెలలు. రోజుల్ని పది నెలలకూ సమానంగా పంచితే అయిదు మిగిలిపోయాయి. వాటిని ఎక్కడ ఇరికించాలో తోచక, పూర్వపు పండితులు వెలి రోజులని పేరు పెట్టి చేతులు దులుపుకున్నారు. వాటికి తేదీ లేదు, వారం లేదు. ఆ రోజుల్లో కొట్లు తెరవరు, పెళ్ళిళ్ళు చెయ్యరు. కానీ పిల్లలు పంచాంగం చూసుకుని పుట్టరు కదా.

అక్కడ బిడ్డ పుట్టగానే గుమస్తా మడమ మీద తేదీ పచ్చబొట్టు పొడవాలి. ఇక జీవితాంతం మనిషంటే మడమే. బడిలో చేర్చుకోవాలన్నా, కొలువివ్వాలన్నా, ఇల్లు రాసివ్వాలన్నా ముందు చెప్పు విప్పమంటారు. వెలి రోజుల్లో పుట్టినవాళ్ళ మడమ ఖాళీ. పుట్టినరోజే లేదు గనక వాళ్ళకు వయసూ రాదు. జుట్టు నెరిసినా చట్టం దృష్టిలో పసిపిల్లలే. రాళ్ళు మోసుకునో, చెత్త ఎత్తుకునో బతకాల్సిందే.

గుమస్తా మంచివాడు. ఒక కాలు ఈడుస్తూ నడుస్తాడు. సూదుల పెట్టె ఒళ్ళో పెట్టుకుని, ఇచ్చిన టీ కూడా తాగకుండా, మధ్యాహ్నం నుంచీ అలాగే కూర్చున్నాడు.

"పిల్లని నాలుగడుగులు నడిపించండి వదినా, కాన్పు తొందరగా అవుతుంది," అంది పక్కింటావిడ గోడ మీంచి.

"నడిచే ఓపికేదమ్మా దానికి? పక్క మీంచి లేవలేకుండా ఉంది."

అత్తగారు కాలు కాలిన పిల్లిలా వసారాకీ గదికీ తిరుగుతోంది. "మంత్రసానమ్మా, తొందరగా కానివ్వు! నీకు పుణ్యం ఉంటుంది!" అని వీధి చివరిదాకా వినబడేలా అరుస్తోంది. నోరే గాని ముఖంలో ఏమీ లేదు. ఆ ముఖం అలా అయిపోయి చాలా కాలమైంది. ఒకప్పుడైతే ఈపాటికి గుండె కొట్టుకునేది. ఇప్పుడు గుండె తిమ్మిరెక్కిన కాలిలా ఉంది. ఉందని తెలుస్తుంది, అంతే.

"మీ అబ్బాయి ఇంట్లో ఉంటే మీకింత హైరానా ఉండేది కాదు," అన్నాడు గుమస్తా.

"ఉంటే బాగుండేది బాబూ," అంది ఆమె. వర్షం పడితే బాగుండేది అన్నట్టే అంది.

గంట మోగింది.

వీధిలో మాటలు ఆగిపోయాయి. ఆ మోత ఇంకా చెవుల్లో ఉండగానే లోపల కోడలు పెద్దగా కేక పెట్టింది. వెంటనే బిడ్డ ఏడుపు. మంత్రసాని తలుపు సందులోంచి తొంగిచూసి, "మగపిల్లాడు," అని మళ్ళీ తలుపు వేసుకుంది.

అత్తగారు నేలమీద కూలబడింది. "అయ్యో, నా మనవడి బతుకు గాలికి పోయిందే! ఇంకాస్త ముందు రాకూడదట్రా నాయనా!" అని నోరు బాదుకుంది. పక్కింటావిడ కళ్ళొత్తుకుంటూ గోడ దిగిపోయింది. ముడుచుకుపోయిన ఆ ముసలి ప్రాణాన్ని చూస్తుంటే గుమస్తాకు జాలేసింది. అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు.

"ఊరుకోండి పెద్దమ్మా. గంట మోగి ఎంతసేపైందని? ముందే పుట్టాడని పొడిచేస్తాను. ఎవరికి తెలుస్తుంది? బిడ్డని ఇలా పట్రండి."

పెట్టె మూత తీసి సూది బయటికి తీశాడు.

అత్తగారి ఏడుపు ఠక్కున ఆగింది. ఎన్నాళ్ళకో ఆమె గుండె ఒక్కసారి దడదడ కొట్టుకుంది.

"వద్దు బాబూ," అంటూ వచ్చి పెట్టె మూత మూసేసింది. "వీధంతా గంట విన్నారు. ఎవరో ఒకరు ఉప్పందిస్తే మీ కొలువు పోతుంది. పిల్లలుగలవారు. మిమ్మల్ని ముంచి మేం బాగుపడతామా?"

"ఎంతసేపు పని? నేను చూసుకుంటాగా."

"మీ కాళ్ళు పట్టుకుంటాను, వద్దు," అంది. అనడమే కాదు, వంగి నిజంగానే పట్టుకుంది.

గుమస్తా కంగారుపడి లేచి నిలబడ్డాడు. అతని కళ్ళు చెమర్చాయి. "ఇన్నేళ్ళ కొలువులో మీలాంటి నీతిగల మనిషిని చూడలేదు పెద్దమ్మా," అన్నాడు. వీధిలో ఎదురైన వాళ్ళందరికీ ఆ మాటే చెప్పుకుంటూ, కాలు ఈడ్చుకుంటూ వెళ్ళిపోయాడు.

అతను మలుపు తిరిగేదాకా ఆమె గుమ్మంలోనే నిలబడింది. తర్వాత వీధి తలుపు గడియ వేసి, ముఖం తుడుచుకుని గదిలోకి వెళ్ళింది. మంత్రసాని ఒక మూల చేతులు కడుక్కుంటోంది. కోడలు బిడ్డని రెండు చేతులా గుండెకు అదుముకుని తలుపు వైపే చూస్తోంది.

"వెళ్ళాడా అత్తయ్యా?"

"వెళ్ళాడు."

ఆమె మంచం అంచున కూర్చుని పసివాడి పాదాన్ని అరచేతిలోకి తీసుకుంది.

"వేళకు కన్న నా ముగ్గురు కొడుకులనూ ఈడు రాగానే మడమ చూసి యుద్ధానికి పట్టుకుపోయారు, వీడికి ఆ ఈడు ఎప్పటికీ రాదమ్మా," అంది.