జాడీ దగ్గర ప్రశ్న

"ఏమ్మాయ్, ఈ జాడీలో ముల్లంగి ఊరగాయ పెట్టేవాళ్ళా?"

గుంపంతా గొల్లున నవ్వింది.

కుబ్లాయ్ ఖాన్ తన సైన్యానికి మద్యం పోయించిన జేడ్ రాతి జాడీ అది. ఏనుగు పిల్లంత ఉంటుంది. దాన్ని పట్టుకుని ఊరగాయ!

గైడు పెయ్ లాన్ చేతిలోని చిన్న జెండాను కిందికి దించింది. ఆ ప్రశ్న ఎవరిదో తల తిప్పకుండానే తెలుసు. తుప్పు పట్టిన గేటు తీసినట్టుండే ఆ గొంతు ఈ తోట మొత్తానికి ఒక్కరిదే.

"అవునండీ, నిజంగానే పెట్టారు," అంది పళ్ళ బిగువున. "రాజ్యాలు మారాక ఇది ఒక గుడి పాలైంది. అక్కడి పూజారులు ఇందులో కూరగాయలు ఊరబెట్టుకున్నారు. తర్వాత చియెన్‌లుంగ్ చక్రవర్తి కంటపడి ఇక్కడికి తిరిగొచ్చింది."

అందరూ జాడీ వైపు మెడలు సాచారు. వెనక వరసలో, ప్రశ్న అడిగిన రుమాలు మామ్మ తనలో తను నవ్వుకుంది.

నడి వేసవిలో కూడా మెడకు బూడిదరంగు రుమాలు చుట్టుకుని తిరిగే మనిషి. ముసలివాళ్ళకిచ్చే ఏడాది పాసు చూపించి, ఒకప్పుడు చక్రవర్తులదైన బెయ్‌హాయ్ తోటలోకి రావడం, టిక్కెట్టు కొన్నవాళ్ళ వెనక నిలబడి ఊరికే వినడం. విని ఊరుకుంటే ఏ గొడవా లేదు. తెల్ల గోపురం దగ్గర "భూకంపాలకి ఇది కూలలేదా?" అంటుంది. తొమ్మిది డ్రాగన్ల గోడ దగ్గర "వెనకవైపు ఏమీ లేదా?" అంటుంది. రోజూ అవే ప్రశ్నలు.

పెయ్ లాన్ బాధలు పెయ్ లాన్‌కున్నాయి. దాతుంగ్ నుంచి వచ్చిన పిల్ల. నోట్లో ఊరి యాస. పదిమందిలో నిలబడితే ఉన్నట్టుండి మాట మాయమైపోయే జబ్బొకటి. మూడు నెలల పరీక్షా కాలం అయిపోవచ్చింది. గట్టెక్కకపోతే తిరిగి ఊరెళ్ళి అక్క కొట్లో నూడుల్స్ ఉడకబెట్టుకోవాలి.

ఆమెకు మాట నేర్పింది గేటు దగ్గరి కౌంటరులో గువో అక్క అద్దెకిచ్చే, చెవికి పెట్టుకుని వినే మిషను. అందులో పేరు తెలియని ఎవరో ఒకావిడ ఈ తోట కథంతా చెబుతుంది. ఆ గొంతు వింటూ, ఊపిరి ఎక్కడ తీసుకోవాలో కూడా అందులోనే నేర్చుకుంది.

ఆదివారం అభిప్రాయాల పుస్తకంలో ఎవరో రాసి వెళ్ళారు: "గైడు కంటే ఆ ముసలమ్మే నయం."

పెయ్ లాన్ గేటు దగ్గర మామ్మను పట్టుకుంది.

"మామ్మా, ఆగండి."

"ఏమ్మా? గొంతు ఎండిపోయిందా? ఇది చప్పరించు." మామ్మ సంచిలోంచి బిళ్ళ తీసింది.

"నాకేం వద్దు. ఊరికే వింటే వినండి. మధ్యలో ఆ పిచ్చి ప్రశ్నలేంటి? నన్ను నవ్వులపాలు చేస్తే మీకేం వస్తుంది?"

"అది కాదమ్మా..."

"మీ గొంతు చెవిన పడితే చాలు, రాబోయే మాట కూడా పారిపోతోంది!"

మామ్మ చెయ్యి మెడ మీది రుమాలు మీదికి వెళ్ళింది.

"అంత అధ్వాన్నంగా ఉందా?"

"ఆ మిషను అద్దెకు తీసుకుని ఒక్కసారి వినండి. గొంతంటే అదీ! ఆవిడ ఎదురైతే నేను కాళ్ళ మీద పడతాను."

"నిజంగానా?"

"మీకు అబద్ధం చెప్పి నాకేంటి లాభం? రేపు నాకు సెలవు. మంగళవారం మా పై ఆఫీసరు తాన్ గారు నా వెనకాలే నడిచి మార్కులేస్తారు. ఆ రోజైనా రాకండి. మీకు పుణ్యముంటుంది."

"రానులే," అంది మామ్మ. బిళ్ళను ఆమె గుప్పిట్లో పెట్టి వెళ్ళిపోయింది.

మంగళవారం పొద్దున గుంపు జాడీ దగ్గరకు చేరింది.

"కుబ్లాయ్ ఖాన్ ఇందులో మద్యం నింపించి సైన్యానికి..."

అంతే. తర్వాతి మాట లేదు.

జనం చూస్తున్నారు. తాన్ గారు పెన్ను మూత తీశారు.

పెయ్ లాన్ చూపు తనంతట తానే వెనక వరసలోకి పోయింది. అక్కడ బూడిదరంగు రుమాలు లేదు.

అప్పుడు తెలిసింది ఆమెకు. ఆ ప్రశ్న ఏనాడూ తనను ఆపలేదు. తను ఆగిన చోటే ప్రశ్న వచ్చేది. చెప్పాల్సిన మాట అందులోనే ఉండేది.

జెండా పైకెత్తింది.

"ఇందులో ముల్లంగి ఊరగాయ పెట్టేవాళ్ళా అని ఒక మామ్మ రోజూ అడుగుతుందండీ..."

జనం నవ్వారు. దారి దొరికింది. గోపురం దగ్గరా, గోడ దగ్గరా మామ్మ ప్రశ్నల్ని తనే అడిగి, తనే జవాబు చెప్పింది.

"ఉద్యోగం ఖాయం," అన్నారు తాన్ గారు. "ఆ ప్రశ్నలు మాత్రం మానకు."

పెయ్ లాన్ బఠాణీ మిఠాయి పొట్లం కొనుక్కుని మిషన్ల కౌంటరుకు పరుగెత్తింది.

"గువో అక్కా, రుమాలు మామ్మ ఇల్లెక్కడ? నేను వెళ్ళి క్షమించమని అడగాలి."

గువో అక్క కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"మీ రుమాలు మామ్మ, యాన్ గారు, నిన్న సాయంత్రం పోయారమ్మా. నాలుగేళ్ళ కిందట గొంతులో కోసి తీసేసిన రాచపుండు మళ్ళీ తిరగబెట్టినా ఎవరికీ చెప్పలేదట."

పొట్లం కౌంటరు మీద జారిపడింది.

"ఆ గొంతునే కదక్కా నేను అన్ని మాటలన్నాను! మిషను విని గొంతంటే ఏంటో తెలుసుకోమన్నాను!" పెయ్ లాన్ ఏడుపు ఆపుకోలేకపోయింది. "బాధపడిందా?"

గువో అక్క వరసలోంచి ఒక మిషను తీసి, తుడిచి, ఆమె చేతిలో పెట్టింది.

"నాలుగేళ్ళుగా దీన్ని ముట్టుకోని మనిషి, ఆదివారం అడిగి మరీ తీసుకుని, సరస్సు గట్టున సాయంత్రందాకా కూర్చుని, తన పాత గొంతు తనే విని వెళ్ళిందమ్మా."